'పర్సిస్ట్' అంటే పట్టుదల ఒక్కటేనా?

ప్రతి సంవత్సరం మన సంచికలో కవితలు, కథలు, అనుభవాలు వస్తూనే ఉంటాయి. వాటి మధ్య ఒక పాఠం కూడా ఉంటే పరీక్షకో, ఇంటర్వ్యూకో పనికొస్తుందని ఈ వ్యాసం రాస్తున్నాము. మేము ఇప్పుడు పీజీ చదువుతున్నాము. మా ఇళ్ళల్లో డిగ్రీ పట్టా అందుకున్న మొదటి తరం మాదే. ఇంగ్లీషు మాకు ఇంట్లో వినిపించిన భాష కాదు. పుస్తకాల్లో, బోర్డుల మీద, కంప్యూటర్ తెర మీద ఒక్కొక్క మాటా ఏరుకున్న భాష. అట్లా ఏరుకున్న మాటల్లో ఒకదాన్ని గురించే ఈ పాఠం. ఆ మాట 'పర్సిస్ట్'.

ఈ మాటే ఎందుకంటే, ఉద్యోగం కోసం మాదాపూర్, కొండాపూర్, గచ్చిబౌలి వైపు వెళ్ళేవాళ్ళకు ఇది మూడు చోట్ల ఎదురవుతుంది. కంప్యూటర్ మొరాయించినప్పుడు తెర మీద 'ఇఫ్ ద ప్రాబ్లమ్ పర్సిస్ట్స్, కాంటాక్ట్ యువర్ అడ్మినిస్ట్రేటర్' అని వస్తుంది. ఉద్యోగ ప్రకటనల్లో 'పర్సిస్టెంట్' అయిన అభ్యర్థులు కావాలని ఉంటుంది. అమీర్‌పేటలో జావా కోర్సులో చేరితే 'పర్సిస్టెన్స్' అనే అధ్యాయం ఒకటి చెప్తారు. డిక్షనరీ తీస్తే ముందుగా కనిపించే అర్థం 'పట్టుదలగా ఉండు'. ఆ ఒక్క అర్థం పట్టుకొని 'ద పెయిన్ పర్సిస్ట్స్' అనే వాక్యాన్ని తెలుగు చేయండి. 'నొప్పి పట్టుదలగా ఉంది' అని వస్తుంది! నొప్పికి పట్టుదల ఏమిటి? కాబట్టి ఈ మాటను కొంచెం లోతుగా చూడవలసిందే.

1. మాట పుట్టుక, దాని చుట్టాలు

లాటిన్ భాషలో 'సిస్టెరె' అనే క్రియ ఉంది. నిలబడు అనీ, నిలబెట్టు అనీ దానికి రెండర్థాలూ ఉన్నాయి. దాని ముందు 'పర్' అనే ఉపసర్గ చేరింది. 'పర్' అంటే 'ఆసాంతం, చివరిదాకా'. రెండూ కలిస్తే 'చివరిదాకా నిలుచు' అని అర్థం. ఇదే పర్సిస్ట్.

సంస్కృతంలో 'హార' అనే మాటకు ముందు ఉపసర్గలు మార్చితే ఆహారం, విహారం, ప్రహారం, సంహారం అని అర్థాలు మారిపోతాయని తెలుగు వ్యాకరణం క్లాసులో విన్నాము కదా. ఇక్కడా అంతే. ఒక్క 'నిలబడు' నుంచి ఎన్ని మాటలు పుట్టాయో చూడండి:

ఇన్‌సిస్ట్ – ఒక మాట మీద నిలబడు, పట్టుబట్టు.
రెసిస్ట్ – ఎదురు నిలుచు, ప్రతిఘటించు.
కన్‌సిస్ట్ – కలిసి నిలుచు, కూడి ఉండు.
అసిస్ట్ – పక్కన నిలబడు, సాయం చేయు.
డెసిస్ట్ – పక్కకు జరిగి నిలుచు, మానుకొను.
ఎగ్జిస్ట్ – బయటికి కనబడేటట్టు నిలుచు, ఉండు.
సబ్‌సిస్ట్ – ఉన్నదాంతో ఎట్లాగో నిలుచు, బతుకీడ్చు.

ఎనిమిది మాటలు విడివిడిగా బట్టీ పట్టే బదులు ఒక్క 'నిలబడు'ను గుర్తు పెట్టుకుంటే అన్నీ వచ్చేస్తాయి. తెలుగులో కూడా 'నిలు' నుంచి ఇట్లాంటి కుటుంబమే ఉంది. నిలకడ, నిలుపు, నిలదీయు, నిలదొక్కుకొను అన్నీ దాని పిల్లలే. ఏడాదంతా పాడుకాని పచ్చడిని నిలవ పచ్చడి అంటాము. అదీ ఈ కుటుంబమే.

2. వస్తువు కర్తగా ఉంటే

పర్సిస్ట్ అయ్యేది మనిషి కాకుండా ఒక వస్తువో, స్థితో అయితే దాని అర్థం 'పోకుండా ఉండిపోవు, వదలకుండా కొనసాగు'. ఇక్కడ ఎగ్జిస్ట్‌కూ పర్సిస్ట్‌కూ తేడా గమనించండి. ఎగ్జిస్ట్ అంటే ఊరికే ఉండటం. పర్సిస్ట్ అంటే పోవలసిన సమయం వచ్చినా, పోవడానికి కారణం ఉన్నా పోకుండా ఉండటం. ఈ 'అయినా' అనే భావం లోపల లేకపోతే పర్సిస్ట్ వాడకూడదు.

హైటెక్ సిటీనే ఉదాహరణగా తీసుకుందాం. సైబర్ టవర్స్‌ను 1998 నవంబర్ 22న అప్పటి ప్రధాని అటల్ బిహారీ వాజ్‌పేయి ప్రారంభించారు. 2019లో మెట్రో రైలు రాయదుర్గం దాకా వచ్చింది. పొలాలు, రాళ్ళ గుట్టలు ఉన్న చోట అద్దాల మేడలు లేచాయి. కానీ మాదాపూర్, కొండాపూర్, నానక్‌రామ్‌గూడ, గచ్చిబౌలి అనే ఊళ్ళ పేర్లు మాత్రం పోలేదు. బౌలి అంటే బావి. ఇప్పుడు గచ్చిబౌలి అనగానే మనకు బావి గుర్తుకు రాదు, ఫ్లైఓవర్ గుర్తుకొస్తుంది. అయినా పేరులో బావి నిలిచే ఉంది. దీన్ని ఇంగ్లీషులో 'ద ఓల్డ్ నేమ్స్ పర్సిస్ట్' అంటారు. అక్కడక్కడా భవనాల మధ్య మిగిలిన గ్రానైటు బండలు సుమారు 250 కోట్ల సంవత్సరాల నాటివి. వాటిని గురించి కూడా ఇదే మాట వాడవచ్చు.

ఇంకొన్ని వాడుకలు చూడండి.

వాన: 'పర్సిస్టెంట్ రెయిన్' అంటే మనవాళ్ళు చక్కగా ముసురు అంటారు. 'పట్టుదల గల వాన' అని రాస్తే మార్కులు పోతాయి.

ఆరోగ్యం: 'పర్సిస్టెంట్ కాఫ్' అంటే ఎంతకీ తగ్గని దగ్గు. ఈ వాడుక తెలుసుకోవడం మార్కుల కోసమే కాదు. రెండు వారాలు గడిచినా దగ్గు తగ్గకపోతే క్షయ పరీక్ష చేయించుకోవాలని ప్రభుత్వ ఆరోగ్య కార్యక్రమం చెప్తుంది. ఒక్క గదిలో పదిమంది పడుకొనే హాస్టళ్ళలో ఈ మాటకు విలువ ఎక్కువ. ప్రభుత్వ ఆసుపత్రిలో ఆ పరీక్ష ఉచితం.

వ్యవసాయం: కొన్ని రసాయనాలు మట్టిలో, నీళ్ళలో, ఒంట్లో చేరితే సంవత్సరాల తరబడి విరిగిపోవు. వాటిని 'పర్సిస్టెంట్' కాలుష్యాలు అంటారు. వాటిని ఆపడానికి 2001లో స్టాక్‌హోమ్ ఒప్పందం కుదిరింది. మన పత్తి చేలల్లో ఒకప్పుడు కొట్టిన ఎండోసల్ఫాన్ మందును 2011లో ఆ జాబితాలో చేర్చారు. అదే సంవత్సరం మన సుప్రీంకోర్టు కూడా దాన్ని ఆపించింది.

సైన్సు: 'పర్సిస్టెన్స్ ఆఫ్ విజన్' మన పాఠ్యపుస్తకాల్లోనే ఉంది. కంటి ముందు నుంచి బొమ్మ పోయినా దాని ముద్ర సుమారు సెకనులో 16వ వంతు కాలం కంటిలో ఉంటుందని అందులో చదివాము. సినిమా రీలులో సెకనుకు 24 బొమ్మలు తిరుగుతాయి.

సమాజం: రాజ్యాంగం 1950లో అమల్లోకి వచ్చింది. దాని 17వ అధికరణం అంటరానితనాన్ని రద్దు చేసింది. ఇప్పుడు ఈ వాక్యం చూడండి: 'అన్‌టచబిలిటీ వాజ్ అబాలిష్డ్ ఇన్ 1950, బట్ ఇట్ పర్సిస్ట్స్.' ఇక్కడ 'ఎగ్జిస్ట్స్' అని రాసినా వ్యాకరణం తప్పు కాదు. కానీ 'పోవలసింది పోలేదు' అన్న ఆరోపణ అందులో ఉండదు. పర్సిస్ట్ అన్నప్పుడే ఆ బాధ్యత ఎవరిది అనే ప్రశ్న పుడుతుంది. వ్యాస రచన పోటీలకు, గ్రూప్స్ మెయిన్స్ రాసే అన్నలకు ఈ తేడా ఉపయోగపడుతుంది.

ఈ ఉదాహరణల్లో ఎక్కువ భాగం మనకు నచ్చని విషయాలే అని మీరు గమనించే ఉంటారు. వస్తువు కర్తగా ఉన్నప్పుడు పర్సిస్ట్ ఎక్కువగా నొప్పి, సమస్య, పుకారు, అసమానత వంటి వాటితోనే వస్తుంది. 'హిజ్ హ్యాపీనెస్ పర్సిస్ట్స్' అని ఎవరూ సాధారణంగా రాయరు.

3. మనిషి కర్తగా ఉంటే

మనిషి పర్సిస్ట్ అయితే అది మెచ్చుకోలా, తిట్టా? రెండూ కావచ్చు. అది చెప్పేవాడి మనసును బట్టి ఉంటుంది. మన తెలుగులో అయితే ఈ రంగులకు వేర్వేరు మాటలు ఉన్నాయి. మంచికైతే పట్టుదల. గట్టిదనానికైతే ఉడుం పట్టు. చెడుకైతే మొండిపట్టు. విసుగు పుట్టిస్తే జిడ్డు. మళ్ళీ మళ్ళీ పరీక్ష రాసేవాణ్ణి సరదాగా గజనీ మహమ్మద్ అంటాము. చెట్టు దగ్గరికి మళ్ళీ మళ్ళీ వెళ్ళేవాడు పట్టువదలని విక్రమార్కుడు. 'పట్టిన కుందేలుకు మూడే కాళ్ళు' అన్నవాడిదీ పట్టే, కానీ అది వేరే పట్టు. ఇంగ్లీషులో వీళ్ళందరికీ 'పర్సిస్టెంట్' అనే ఒక్క మాట సరిపోతుంది. అందుకే తెలుగు చేసేటప్పుడు సందర్భం చూడాలి. 'ఎ పర్సిస్టెంట్ స్టూడెంట్' పట్టుదల గల విద్యార్థి. 'ఎ పర్సిస్టెంట్ సేల్స్‌మన్' జిడ్డులా వదలని అమ్మకందారు. 'ఎ పర్సిస్టెంట్ అఫెండర్' పదేపదే నేరం చేసేవాడు.

ఈ రెండు ముఖాలూ ఒకే వాక్యంలో కనబడిన సంఘటన ఒకటి ఉంది. 2017 ఫిబ్రవరి 7న అమెరికా సెనేట్‌లో ఎలిజబెత్ వారెన్ అనే సభ్యురాలు ఒక నియామకాన్ని వ్యతిరేకిస్తూ మాట్లాడారు. మార్టిన్ లూథర్ కింగ్ గారి భార్య కొరెట్టా స్కాట్ కింగ్ 1986లో రాసిన లేఖను చదవబోయారు. నిబంధనల పేరుతో ఆమెను ఆపారు. తర్వాత అక్కడి అధికార పక్ష నాయకుడు మిచ్ మకానెల్ ఆమె మీద ఫిర్యాదుగా చెప్పిన మాటల్లో చివరిది 'నెవర్‌ద్‌లెస్, షీ పర్సిస్టెడ్'. అంటే 'అయినా సరే, ఆమె వినలేదు' అని. ఆయన దాన్ని తప్పుగా చెప్పారు. మర్నాటికల్లా ఆడవాళ్ళు అదే వాక్యాన్ని 'అయినా సరే, ఆమె వెనక్కి తగ్గలేదు' అని మెచ్చుకోలుగా మార్చేసుకున్నారు. చొక్కాల మీద, ప్లకార్డుల మీద అచ్చు వేసుకున్నారు. అక్షరం మారలేదు, అర్థం తలకిందులైంది. మనల్ని ఎవరైనా 'మొండివాడు' అన్నప్పుడు ఈ సంగతి గుర్తు చేసుకోవచ్చు. అయితే మొండితనమంతా పట్టుదల అయిపోదు అని కూడా గుర్తుంచుకోవాలి. ఎవరి కోసం, దేని కోసం అన్నదే కొలబద్ద.

4. కంప్యూటర్ వాళ్ళ పర్సిస్ట్

వ్యాకరణం ప్రకారం పర్సిస్ట్ అకర్మక క్రియ. దానికి కర్మ ఉండదు. 'ఐ పర్సిస్టెడ్' అంటాము కానీ 'ఐ పర్సిస్టెడ్ ద బుక్' అనము. హైటెక్ సిటీ మేడల్లో మాత్రం 'పర్సిస్ట్ ద డేటా' అంటారు. ఇది సాఫ్ట్‌వేర్ వాళ్ళు కొత్తగా తెచ్చుకున్న సకర్మక వాడుక. 2006లో వచ్చిన జావా పర్సిస్టెన్స్ ఏపీఐలో 'పర్సిస్ట్' అనే పేరుతో ఒక మెథడే ఉంది.

దాని అర్థం సులభం. మీరు కంప్యూటర్‌లో ప్రాజెక్టు రిపోర్టు టైపు చేస్తున్నారు. సేవ్ చేయలేదు. కరెంటు పోయింది. రాసినదంతా పోయింది. ఎందుకంటే అది ర్యామ్‌లో ఉంది. ర్యామ్‌కు కరెంటు ఉన్నంత సేపే జ్ఞాపకం. అదే హార్డ్ డిస్కులోకి చేరి ఉంటే, కరెంటు పోయినా, ప్రోగ్రాం మూసేసినా ఉండేది. దాన్ని పుట్టించిన ప్రోగ్రాం ఆగిపోయిన తర్వాత కూడా సమాచారం మిగిలి ఉండటమే పర్సిస్టెన్స్. ఇంటర్వ్యూలో 'వాట్ ఈజ్ పర్సిస్టెన్స్' అని అడిగితే ఈ ఒక్క వాక్యం చెప్పి, ర్యామ్, డిస్కు ఉదాహరణ ఇస్తే చాలు. 1990లో పుణెలో మొదలైన ఒక సాఫ్ట్‌వేర్ సంస్థ పేరే పర్సిస్టెంట్ సిస్టమ్స్. మాట ఆ రంగంలో ఎంత ఇంకిపోయిందో దాన్ని బట్టి తెలుస్తుంది.

5. నిలబడటం, నిలబెట్టడం

ఇక్కడే మన తెలుగు గొప్పతనం ఒకటి చెప్పాలి. సాఫ్ట్‌వేర్ వాళ్ళు వ్యాకరణాన్ని వంచి తెచ్చుకున్న తేడా మనకు ముందు నుంచీ ఉంది. నిలబడు వేరు, నిలబెట్టు వేరు. పడు, పెట్టు అనే చిన్న మార్పుతో ఎవరు తమంతట తాము నిలిచారో, ఎవరిని ఇంకొకరు నిలిపారో చెప్పేస్తాము. డేటా తనంతట తాను నిలబడదు. దాన్ని ఎవరో డిస్కులో నిలబెడతారు.

మనుషుల విషయంలో ఈ తేడా మరిచిపోతున్నారని మాకు అనిపిస్తుంది. ఒక పిల్లవాడు మధ్యలో చదువు మానేస్తే 'వాడికి పట్టుదల లేదు' అని ఒక్క ముక్కలో తేల్చేస్తారు. అతను నిలబడలేదా, అతన్ని నిలబెట్టేవాళ్ళు లేరా అని అడగరు. మాలో ఒకరికి స్కాలర్‌షిప్ డబ్బు రాలేదని ఒక కాలేజీ వారు సర్టిఫికెట్లు ఇవ్వలేదు. పీజీ అడ్మిషన్‌కు నాలుగు రోజులే గడువు ఉంది. అతని పట్టుదలకు ఏ లోటూ లేదు. రోజూ పొద్దున్నే వెళ్ళి ఆఫీసు ముందు నిలబడ్డాడు. చివరికి సీనియర్లు తలా కొంత వేసి ఫీజు కట్టారు. ఆ సర్టిఫికెట్లతోనే సీటు వచ్చింది. అతను నిలబడ్డాడు, వాళ్ళు నిలబెట్టారు. రెండింటిలో ఒకటి లేకపోయినా ఈ రోజు అతను పీజీ విద్యార్థి కాదు.

అమెరికాలో కాలేజీ లెక్కలు తీసేవాళ్ళు ఈ విషయాన్ని రెండు మాటలుగా విడగొట్టారు. మొదటి సంవత్సరం చదివిన విద్యార్థి మరుసటి ఏడాది అదే కాలేజీకి తిరిగి వస్తే అది 'రిటెన్షన్'. ఏ కాలేజీలోనైనా సరే చదువు కొనసాగిస్తే అది 'పర్సిస్టెన్స్'. మొదటిది సంస్థ నిలుపుకోవడం, రెండోది విద్యార్థి నిలవడం. లెక్కల్లోనే రెండూ వేరు చేసినప్పుడు, మాటల్లో మాత్రం అంతా పిల్లవాడి నెత్తిన ఎందుకు వేయాలి?

మన దేశంలో షెడ్యూల్డు కులాల విద్యార్థులకు పోస్ట్ మెట్రిక్ స్కాలర్‌షిప్ 1944లో, అంటే స్వాతంత్య్రానికి ముందే మొదలైంది. హాస్టల్, మెస్ చార్జీ, పుస్తకాలు, స్కాలర్‌షిప్ ఇవన్నీ దయ కాదు. ఇవి నిలబెట్టే పనిముట్లు. అవి సమయానికి అందితేనే పట్టుదల పని చేస్తుంది.

మన గురుకులాల పేరు ప్రపంచానికి చెప్పిన మాలావత్ పూర్ణను చూడండి. నిజామాబాద్ జిల్లా పాకాల గ్రామంలో వ్యవసాయ కూలీల బిడ్డ. సాంఘిక సంక్షేమ గురుకుల పాఠశాల విద్యార్థిని. 2014 మే 25న, 13 సంవత్సరాల 11 నెలల వయసులో ఎవరెస్టు శిఖరం ఎక్కింది. ఆమెతో పాటు ఖమ్మం జిల్లాకు చెందిన మన గురుకుల విద్యార్థి సాధనపల్లి ఆనంద్ కుమార్ కూడా ఎక్కాడు. 'షీ పర్సిస్టెడ్' అనడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ దొరకదు. కానీ ఆ విజయంలో భువనగిరి బండ మీద శిక్షణ ఉంది, కోచ్ శేఖర్ బాబు ఉన్నారు, అప్పటి గురుకుల సొసైటీ కార్యదర్శి ఆర్.ఎస్. ప్రవీణ్ కుమార్ గారి ప్రోత్సాహం ఉంది, వెంట నడిచిన షేర్పాలు ఉన్నారు. ఆమె పట్టుదలను ఇది తక్కువ చేయదు. అవకాశం దొరికితే మన పిల్లల పట్టుదల ఎంత ఎత్తుకు పోగలదో చూపిస్తుంది.

6. వాడేటప్పుడు జాగ్రత్తలు

పర్సిస్ట్ తర్వాత 'ఇన్' వస్తుంది, ఆ తర్వాత క్రియకు 'ఇంగ్' చేరుతుంది. 'షీ పర్సిస్టెడ్ ఇన్ ఆస్కింగ్' సరైనది. 'షీ పర్సిస్టెడ్ టు ఆస్క్' తప్పు. నామవాచకం ముందు 'ఇన్' గానీ 'విత్' గానీ వస్తుంది: 'హీ పర్సిస్టెడ్ విత్ హిజ్ స్టడీస్'.

ఇన్‌సిస్ట్ తర్వాత 'ఆన్' వస్తుంది: 'హీ ఇన్‌సిస్టెడ్ ఆన్ పేయింగ్'.

రెసిస్ట్ తర్వాత ఏ ప్రిపొజిషనూ రాదు. 'రెసిస్ట్ టు' అని రాయకూడదు.

కన్‌సిస్ట్ తర్వాత 'ఆఫ్' వస్తుంది. 'ఈజ్ కన్‌సిస్టెడ్ ఆఫ్' అనేది మన దగ్గర చాలామంది రాసే రూపం, కానీ తప్పు. 'కన్‌సిస్ట్స్ ఆఫ్' అనాలి.

ఆఫీసు మెయిళ్ళలో 'ఇష్యూ స్టిల్ పర్సిస్ట్స్' అని తెగ రాస్తుంటారు. పర్సిస్ట్‌లోనే 'ఇంకా' అనే భావం ఉంది కాబట్టి 'స్టిల్' లేకపోయినా లోటు లేదు. 'ద ఇష్యూ పర్సిస్ట్స్' చాలు. దాని కింద ఏమేమి చేసి చూశారో ఒక వాక్యంలో రాస్తే సరిచేసేవాళ్ళకు పని తేలికవుతుంది.

స్పెల్లింగ్: పర్సిస్టెన్స్, ఎగ్జిస్టెన్స్, ఇన్‌సిస్టెన్స్ మూడింటికీ చివర ఇ-ఎన్-సి-ఇ. రెసిస్టెన్స్, అసిస్టెన్స్ రెండింటికీ చివర ఎ-ఎన్-సి-ఇ. చెవికి ఒకేలాగ వినిపిస్తాయి కాబట్టి రాసి నేర్చుకోవాలి.

ఉచ్చారణ: ఊనిక రెండో భాగమైన 'సిస్ట్' మీద ఉండాలి. తెలుగు అజంత భాష. మన మాటలు అచ్చుతో ముగుస్తాయి. అందుకే ఇంగ్లీషు మాటల చివర కూడా మన నోరు ఒక 'ఉ' చేర్చి 'పర్సిస్టు' అంటుంది. నాలుక 'ట్' దగ్గరే ఆపడం సాధన చేయండి. ఇందులో సిగ్గు పడవలసింది ఏమీ లేదు. ఇది చదువు లేకపోవడం వల్ల వచ్చింది కాదు, అమ్మ నేర్పిన భాష అలవాటు.

7. దగ్గరి మాటలు

పర్సివియర్: కష్టాలు ఎదురైనా మంచి పనిని కొనసాగించు. ఇది ఎప్పుడూ మెచ్చుకోలే. దొంగను పర్సిస్టెంట్ అనవచ్చు కానీ 'హీ పర్సివియర్డ్ ఇన్ స్టీలింగ్' అంటే వెటకారంగా ఉంటుంది.

కంటిన్యూ: కొనసాగించు. అడ్డంకి ఉన్నట్టు ధ్వని లేదు.

కీప్ ఆన్: మాట్లాడే భాషలో 'చేస్తూనే ఉండు'. తర్వాత 'ఇంగ్' రూపం వస్తుంది. స్పోకెన్ ఇంగ్లీషులో పర్సిస్ట్ కంటే ఇదే ఎక్కువ వినిపిస్తుంది.

స్టిక్ టు: అనుకున్నదానికి, ఇచ్చిన మాటకు కట్టుబడి ఉండు.

పెస్టర్: ప్రాణం తీయు, విసిగించు. పట్టుదల హద్దు దాటితే వచ్చే మాట ఇది.

8. ఉద్యోగ వేటలో

'ఐ యామ్ పర్సిస్టెంట్' అని రెజ్యూమేలో రాస్తే చాలదు. అది అందరూ రాస్తారు. ఏ పనిలో నిలబడ్డారో చెప్పండి. 'నాలుగు సంవత్సరాలు హాస్టల్ మెస్ కమిటీ లెక్కలు చూశాను' అనో, 'తెలుగు మీడియం నుంచి వచ్చి డిగ్రీ ఇంగ్లీషులో పూర్తి చేశాను' అనో రాస్తే విశేషణం అక్కర లేదు.

ఇంటర్వ్యూ అయిన తర్వాత వారం రోజులు ఆగి ఒక చిన్న మెయిల్ పంపవచ్చు. 'ఐ యామ్ రైటింగ్ టు ఫాలో అప్ ఆన్ మై ఇంటర్వ్యూ' అని మొదలుపెట్టి, తేదీ, ఉద్యోగం పేరు రాసి, రెండు వాక్యాల్లో ముగించాలి. ఇది పర్సిస్టెన్స్. రోజుకు మూడుసార్లు ఫోన్ చేయడం పెస్టరింగ్. మనవాళ్ళు పట్టువిడుపులు ఉండాలి అన్నది ఇందుకే.

ఒక హెచ్చరిక కూడా. ఉద్యోగం ఇప్పిస్తామని, ముందు డిపాజిట్ కట్టమని వదలకుండా ఫోన్లు చేసేవాళ్ళు ఉంటారు. ఆ పట్టుదల మన మేలు కోసం కాదు. సరైన కంపెనీ ఉద్యోగం ఇవ్వడానికి అభ్యర్థి దగ్గర డబ్బు అడగదు. అమ్మ మెడలోది తాకట్టు పెట్టి కట్టే డబ్బు తిరిగి రాదు. అక్కడ మనం నేర్చుకోవలసిన మాట రెసిస్ట్.

ఒకే పరీక్ష ఒకే పద్ధతిలో మళ్ళీ మళ్ళీ రాయడం కూడా ఆలోచించవలసిన విషయమే. లక్ష్యం విషయంలో పట్టు, దారి విషయంలో విడుపు ఉండాలి. మూడుసార్లు పోయిన పేపరుకు నాలుగోసారి అదే గైడు చదివేకంటే, ఎక్కడ మార్కులు పోతున్నాయో ఒక సీనియర్‌కు చూపించుకోవడం మేలు.

9. అభ్యాసం

కింది వాక్యాలను ఇంగ్లీషులోకి మార్చండి. ముందు కాగితం మీద రాసుకొని తర్వాత జవాబులు చూడండి.

1) వారం రోజులు ముసురు వదలలేదు.
2) ఎన్నిసార్లు చెప్పినా అతను ఆలస్యంగా రావడం మానలేదు.
3) మమ్మల్ని చదవాల్సిందేనని అమ్మ పట్టుబట్టింది.
4) మా కమిటీలో అయిదుగురు సభ్యులు ఉన్నారు.
5) మేము నవ్వు ఆపుకోలేకపోయాము.
6) రీస్టార్ట్ చేసినా సమస్య పోలేదు.
7) కష్టమైనా ఆమె లెక్కలు వదలకుండా నేర్చుకుంది.

జవాబులు:

1) ద రెయిన్ పర్సిస్టెడ్ ఫర్ ఎ వీక్.
2) హీ పర్సిస్టెడ్ ఇన్ కమింగ్ లేట్.
3) మదర్ ఇన్‌సిస్టెడ్ దట్ వీ స్టడీ.
4) అవర్ కమిటీ కన్‌సిస్ట్స్ ఆఫ్ ఫైవ్ మెంబర్స్.
5) వీ కుడ్ నాట్ రెసిస్ట్ లాఫింగ్.
6) ద ప్రాబ్లమ్ పర్సిస్ట్స్ ఈవెన్ ఆఫ్టర్ రీస్టార్టింగ్.
7) షీ పర్సివియర్డ్ విత్ మ్యాథమాటిక్స్.

ఏడింటిలో అయిదు వచ్చినా సంతోషమే. తప్పు వచ్చినవాటిని ఒక్కొక్కటి మూడు కొత్త వాక్యాల్లో వాడి చూడండి. ఒక మాట మన సొంతం అయ్యేది అప్పుడే.

చివరగా ఒక విన్నపం. తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ, మీ గదిలో ఎవరైనా పుస్తకాలు కట్టకట్టి, పెట్టె సర్దుకొని ఇంటికి బయల్దేరుతుంటే 'పట్టుదల ఉండాలి రా' అని చెప్పి ఊరుకోకండి. ఎందుకు వెళ్తున్నాడో అడగండి. ఫీజా, ఇంట్లో అప్పా, అర్థం కాని సబ్జెక్టా, ఎవరైనా అవమానించారా తెలుసుకోండి. వార్డెన్ సార్‌కు చెప్పండి, సీనియర్లకు చెప్పండి. ఆ బస్సు తప్పిపోయేటట్టు చూడండి. మేము ఇంతదూరం వచ్చింది మా కాళ్ళ బలంతోనే కాదు, అట్లా ఎవరో ఒకరు మమ్మల్ని ఆపి నిలబెట్టడం వల్ల కూడా.